మైబోలె: జర్మన్ వసంతపు వైన్ పంచ్ తయారీ

మైబోలె అనేది జర్మనీలో ఏప్రిల్ చివరి వారం నుంచి మే నెలాఖరు దాకా చేసుకునే చల్లని వైన్ పంచ్. ఇందులో పడేవి తెల్ల వైన్, జెక్ట్ అని పిలిచే జర్మన్ నురుగు వైన్, కాస్త చక్కెర, స్ట్రాబెర్రీలు, నిమ్మ తొక్క, వాల్డ్‌మైస్టర్ అనే అడవి మూలిక. పొయ్యి వెలిగించే పని లేదు. వాడబెట్టిన మూలికను వైన్‌లో అరగంట వేలాడదీసి తీసేయడం, పండ్లు కలపడం, చివర్లో జెక్ట్ పోయడం, ఇంతే పని. ఇంత తేలిక పానీయం కూడా ఒక ఇంట్లో కమ్మగానూ పక్కింట్లో చేదుగానూ తయారవుతుంది. మూలిక ఎంత వేశారు, ఎప్పుడు తీశారు, ఏది ముందు పోశారు, ఏది చివర పోశారు అన్న దాన్లోనే ఆ తేడా ఉంటుంది. ఈ అధ్యాయంలో ఆ లెక్కలు, వాటి వెనకున్న కారణాలు వరసగా వస్తాయి.

పుట్టుపూర్వోత్తరాలు

వాల్డ్‌మైస్టర్ కలిపిన వైన్ మొదట మఠాల్లో మందుగా వాడుకలో ఉండేది. గుండెకూ కాలేయానికీ బలమిస్తుందని మధ్యయుగాల్లో నమ్మేవారు. ప్రూమ్ మఠానికి చెందిన వాండల్‌బెర్ట్ అనే బెనెడిక్టైన్ సన్యాసి 854లోనే ఈ కలయికను ప్రస్తావించాడని జర్మన్ రచనల్లో తరచుగా కనిపిస్తుంది. కాలం గడిచేకొద్దీ మందు కాస్తా పండగ పానీయమైంది. ఏప్రిల్ 30 రాత్రి జర్మనీలో వాల్‌పుర్గిస్ రాత్రి. ఆ రాత్రి ఊళ్లలో నాట్యాలతో మే నెలకు స్వాగతం పలుకుతారు. చాలా ప్రాంతాల్లో ఊరి మధ్య రంగు కాగితాలతో అలంకరించిన మే స్తంభాన్ని నిలబెడతారు. మర్నాడు మే 1 సెలవు. ఆ రెండు రోజుల విందులకూ మైబోలె అలవాటైన పానీయం.

పంతొమ్మిదో శతాబ్దంలో ఈ మూలిక సాహిత్యంలోకీ రంగస్థలం మీదికీ ఎక్కింది. ఒట్టో రొకెట్ 1851లో వాల్డ్‌మైస్టర్‌ను పెళ్లికొడుకుగా చేసి రాసిన పద్యకథ జర్మనీలో ఎన్నో ముద్రణలు పొందింది. యోహాన్ స్ట్రౌస్ 1895లో వియన్నాలో ప్రదర్శించిన సంగీత నాటకానికి పెట్టిన పేరే ‘వాల్డ్‌మైస్టర్’. జర్మనీ సరిహద్దు అవతల, బెల్జియంలోని ఆర్లోన్ పట్టణంలో ఇదే మూలికతో చేసే పానీయాన్ని మైట్రాంక్ అంటారు. అందులో తెల్ల వైన్, నారింజ చెక్కలతో పాటు కొంచెం కోన్యాక్ కూడా పడుతుంది. అక్కడ మే నెలలో దాని పేరు మీద ఉత్సవమే జరుగుతుంది.

మూలికను గుర్తుపట్టడం

వాల్డ్‌మైస్టర్ శాస్త్రీయ నామం గాలియం ఒడొరాటం. ఇది కాఫీ కుటుంబపు మొక్క. తెలుగు ఇళ్ల పెరళ్లలో పూసే నూరువరహాలు, అరకు కొండల మీద పండే కాఫీ కూడా ఈ కుటుంబానివే. అయితే వాల్డ్‌మైస్టర్ ఉష్ణదేశపు మొక్క కాదు. యూరప్‌లో బీచ్ చెట్ల అడవుల నీడలో, తేమ నేల మీద చాప పరిచినట్టు అల్లుకుంటుంది. ఎత్తు జానెడు, మహా అయితే దానికి కొంచెం ఎక్కువ. సన్నని కాడ నాలుగు పలకలుగా ఉంటుంది. కాడ చుట్టూ ఒకే చోటు నుంచి ఆరు నుంచి తొమ్మిది దాకా కోల ఆకులు చక్రంలా వస్తాయి. అలాంటి చక్రాలు కాడ పొడవునా అంతస్తులుగా ఉంటాయి. ఏప్రిల్ చివర్లోనో మే మొదట్లోనో కొసన నాలుగు రేకల చిన్న తెల్ల పూలు గుత్తులుగా పూస్తాయి.

అదే జాతికి చెందిన మరికొన్ని మొక్కలకు కూడా ఆకులు చక్రాలుగానే వస్తాయి. కాబట్టి ఆకారం ఒక్కటే చూసి నమ్మకూడదు. ఒక రెమ్మను తుంచి, వేళ్ల మధ్య నలిపి, కాసేపు వాడనివ్వాలి. వాల్డ్‌మైస్టర్ అయితే కోసి ఆరబెట్టిన పచ్చగడ్డి వాసనతో పాటు కొంచెం వెనిలా తియ్యదనం, బాదం ఛాయ ముక్కుకు తగులుతాయి. పచ్చిగా ఉన్నప్పుడు ఆకుకు దాదాపు వాసనే ఉండదు. వాడిన తర్వాత కూడా వాసన రాకపోతే అది వేరే మొక్క.

జర్మనీలో ఉండే వారికి మూలిక దొరికే దారులు మూడు. వారపు సంతల్లో ఏప్రిల్, మే నెలల్లో చిన్న కట్టలుగా అమ్ముతారు. నర్సరీల్లో కుండీ మొక్కలు దొరుకుతాయి. నీడ ఉన్న బాల్కనీలోనో పెరట్లోనో పెడితే ఏటికేడు తనంతట తనే పెరుగుతుంది. మూడోది అడవి. సొంత వాడకానికి పిడికెడు మూలిక కోసుకోవడానికి జర్మన్ ప్రకృతి సంరక్షణ చట్టం అనుమతిస్తుంది. రక్షిత వనాల్లో మాత్రం ఆ అనుమతి లేదు. వేళ్లతో సహా పీకకుండా కత్తెరతో పై భాగం మాత్రమే కత్తిరించాలి. ఆ నెలల్లో అక్కడి అడవుల్లో రక్తం పీల్చే పిడుదులు చురుగ్గా ఉంటాయి. పొడవాటి దుస్తులు వేసుకుని వెళ్లాలి. తిరిగొచ్చాక ఒంటిని, ముఖ్యంగా మోకాళ్ల వెనక, చంకల్లో, చూసుకోవాలి.

పూలు విచ్చుకోకముందే కోయాలన్నది పాత నియమం. లేత రెమ్మల వాసన సున్నితంగా ఉంటుంది. పూత ముదిరాక ఆకు ఘాటెక్కి చేదు దిగుతుంది. ఒకటి రెండు పూలు విప్పారినంత మాత్రాన కట్ట మొత్తం పారేయక్కర్లేదు. కొంచెం తక్కువ వేసి, కొంచెం ముందుగా తీస్తే సరిపోతుంది.

వాడబెడితేనే వాసన

పచ్చి ఆకును అలాగే వైన్‌లో వేస్తే వైన్ ఆకుపసరు రుచి పట్టడం తప్ప ప్రయోజనం ఉండదు. వాల్డ్‌మైస్టర్ సువాసనకు మూలం కౌమరిన్ అనే పదార్థం. బతికున్న ఆకులో అది విడిగా ఉండదు. చక్కెర అణువుతో ముడిపడిన వాసన లేని రూపంలో ఉంటుంది. ఆ ముడి విప్పే ఎంజైమ్ కూడా ఆకులోనే, కణంలో మరో అరలో ఉంటుంది. ఆకు వాడి కణాల గోడలు బీటలు వారినప్పుడు ఆ రెండూ కలుస్తాయి. ముడి విడిపోయి కౌమరిన్ పుడుతుంది. కోసిన గడ్డి ఎండేటప్పుడు వచ్చే తియ్యని వాసన కూడా ఎక్కువగా దీనిదే. టోంకా గింజల నుంచి 1820లో దీన్ని మొదట వేరు చేశారు. 1868లో విలియం హెన్రీ పెర్కిన్ ప్రయోగశాలలో తయారుచేశాడు. ఆ తర్వాత ఇది అత్తరు పరిశ్రమకు ముఖ్యమైన ముడిసరుకైంది.

వాడబెట్టే పద్ధతులు రెండు. మొదటిది, రెమ్మలను చన్నీళ్లలో జాగ్రత్తగా కడిగి, గుడ్డ మీద తడి ఆరనిచ్చి, నీడలో కొన్ని గంటలు లేదా ఒక రాత్రి వదిలేయడం. ఆకులు మెత్తబడి వేలాడాలి కానీ గలగలమనేంత ఎండిపోకూడదు. రెండోది, సమయం లేనప్పుడు ఫ్రీజర్‌లో గంటసేపు పెట్టడం. గడ్డకట్టిన నీరు కణాల గోడలను చీలుస్తుంది. బయటికి తీసి కరగనిచ్చేసరికి వాసన గుప్పుమంటుంది. సీజన్‌లో దొరికిన కట్టను ఇలాగే ఫ్రీజర్‌లో దాచి, జూన్‌లో కూడా వాడుకోవచ్చు.

తడి ఆరకుండా కవర్లో మూసి ఉంచిన కట్టకు బూజు పడుతుంది. బూజు కనిపించిన మూలికను కడిగి వాడుకుందామనుకోకూడదు, పారేయాల్సిందే. 1920లలో ఉత్తర అమెరికాలో బూజు పట్టిన తియ్య గడ్డి తిన్న పశువులు రక్తస్రావంతో చనిపోయాయి. ఆ గడ్డిలోని కౌమరిన్‌ను బూజు మరో పదార్థంగా మార్చిందనీ, రక్తాన్ని గడ్డకట్టనివ్వనిది అదేననీ తర్వాత పరిశోధనల్లో తేలింది. రక్తం పలచబరిచే వార్ఫరిన్ మందు ఆ పరిశోధనల నుంచి వచ్చిందే.

మూడు గ్రాముల లెక్క

పాత వంటపుస్తకాల్లో ‘ఒక కట్ట వాల్డ్‌మైస్టర్’ అని ఉంటుంది. ఎంత లావు కట్ట అన్నది చెప్పరు. ఇక్కడ మాత్రం కంటి అంచనా పనికిరాదు, తూకమే కావాలి. కౌమరిన్ మితంగా ఉంటే సువాసన. మితిమీరితే తలనొప్పి తెస్తుంది. ఎక్కువ మోతాదులో కొందరికి కాలేయాన్ని దెబ్బతీయగలదు. అందుకే జర్మనీలో లీటరు పానీయానికి 3 గ్రాముల పచ్చి మూలికకు మించవద్దని సలహా ఇస్తారు. ఆ లెక్కన వేస్తే కౌమరిన్ లీటరుకు దాదాపు 5 మిల్లీగ్రాముల లోపే ఉంటుంది.

రోజూ తీసుకున్నా హాని చేయని కౌమరిన్ మోతాదును యూరప్ ఆహార భద్రతా నిపుణులు కిలో శరీర బరువుకు 0.1 మిల్లీగ్రాముగా నిర్ణయించారు. 60 కిలోల మనిషికి అది 6 మిల్లీగ్రాములు. సరైన తూకంతో చేసిన మైబోలె 200 మిల్లీలీటర్ల గ్లాసులో ఒక మిల్లీగ్రాము, అంతకు లోపే ఉంటుంది. తూకం పాటిస్తే కౌమరిన్ గురించి భయపడాల్సిన పని లేదన్నమాట. చూసుకోవాల్సింది మద్యం లెక్క.

మూడు గ్రాములన్నది పచ్చి బరువు. రెమ్మలను కోసిన వెంటనే తూచి, ఆ తర్వాతే వాడబెట్టాలి. వాడినకొద్దీ నీరు పోయి బరువు తగ్గుతుంది, సువాసన పదార్థం మాత్రం అంతే ఉంటుంది. పూర్తిగా ఎండిన మూలికను మూడు గ్రాములు తూచి వేస్తే అసలు మోతాదుకు అనేక రెట్లు పడినట్టే. గ్రాముల్లో చూపించే చిన్న డిజిటల్ తూకం ఇక్కడ అక్కరకొస్తుంది.

కాలేయ జబ్బులున్న వారు, గర్భిణులు, రక్తం పలచబరిచే మందులు వాడేవారు ఈ పానీయానికి దూరంగా ఉండాలి. పిల్లల పానీయాల్లో వాల్డ్‌మైస్టర్ వేయకూడదు. పిల్లలు తినే తీపి పదార్థాల్లో, శీతల పానీయాల్లో ఈ మూలిక వాడకాన్ని జర్మనీ 1974లో నిషేధించింది. అక్కడి దుకాణాల్లో వాల్డ్‌మైస్టర్ పేరుతో ముదురాకుపచ్చ జెల్లీలు, సిరప్‌లు దొరుకుతాయి. వాటి రంగు కలిపింది, వాసనా సాధారణంగా కృత్రిమమే. బెర్లిన్‌లో పుల్లటి గోధుమ బీరులో పోసే ఆకుపచ్చ సిరప్ కూడా ఆ కోవలోదే. అసలు మైబోలె ఆకుపచ్చగా ఉండదు. తెల్ల వైన్ రంగులోనే, లేత బంగారు ఛాయలో ఉంటుంది. స్ట్రాబెర్రీలు పడితే కొంచెం గులాబీ రంగు తేలుతుంది.

వైన్, జెక్ట్ ఎంపిక

ఖరీదైన వైన్ అక్కర్లేదు. తాగడానికి బాగోలేని వైన్ మాత్రం పంచ్‌లో పోసినా బాగుపడదు. కావలసింది పులుపు చురుగ్గా ఉండి, ఓక్ పీపాల వాసన లేని తేలిక తెల్ల వైన్. మోసెల్, రైన్ నదుల ఒడ్డున పండే రీజ్లింగ్ ద్రాక్ష వైన్ ఈ పనికి చక్కగా సరిపోతుంది. ఫ్రాంకెన్ ప్రాంతపు సిల్వానర్, పులుపు తక్కువ కావాలనుకునే వారికి ముల్లర్-తుర్గావ్ కూడా మంచివే. ఓక్ వాసన బలంగా ఉన్న వైన్ మూలిక సువాసనను మింగేస్తుంది.

సీసా మీద రాసిన మాటలు కొత్తవారిని తికమక పెడతాయి. ‘ట్రొకెన్’ అంటే తీపి లేనిదని అర్థం. మామూలు వైన్ సీసా మీద ఆ మాట ఉంటే లీటరుకు చక్కెర 9 గ్రాములకు మించదు. ‘హాల్బ్‌ట్రొకెన్’ మీద 18 గ్రాముల దాకా, ‘లీబ్లిష్’ మీద 45 గ్రాముల దాకా ఉండొచ్చు. అదే ‘ట్రొకెన్’ అన్న మాట జెక్ట్ సీసా మీద ఉంటే లెక్క మారిపోతుంది. అందులో లీటరుకు 17 నుంచి 32 గ్రాముల చక్కెర ఉంటుంది. నిజంగా తీపి లేని జెక్ట్ కావాలంటే ‘బ్రూట్’ అని రాసినది తీసుకోవాలి. దాన్లో 12 గ్రాముల లోపే. రెండు సీసాల మీదా ఒకే మాట చూసి తీసుకుని, పైన చక్కెర కూడా వేస్తే పంచ్ పానకమవుతుంది. వైన్ ట్రొకెన్, జెక్ట్ బ్రూట్ తీసుకుంటే తీపి ఎంతో నిర్ణయించే పని తయారుచేసే వారి చేతిలోనే ఉంటుంది.

పండ్లు, చక్కెర, నిమ్మ

మైబోలె పాత పద్ధతిలో పండ్లు తప్పనిసరి కాదు. వైన్, మూలిక, జెక్ట్, కొంచెం నిమ్మ తొక్క ఉంటే చాలు. జర్మనీలో మే నెలలో స్ట్రాబెర్రీలు పక్వానికి వస్తాయి కాబట్టి రెంటికీ పొత్తు కుదిరింది. పండు ఎర్రగా మాగి, నొక్కితే గట్టిగా ఉండాలి. మెత్తబడిన పండు వైన్‌లో చిదికిపోయి పంచ్‌ను మురికి చేస్తుంది. తొడిమ తీయకముందే కడగాలి. తొడిమ తీశాక కడిగితే ఆ గుంటలోంచి నీరు లోపలికి పోయి పండు చప్పబడుతుంది.

చిన్న పండ్లను రెండుగా, పెద్దవాటిని నాలుగుగా కోసి, చక్కెర చల్లి అరగంట పక్కన పెట్టాలి. చక్కెర పండులోని రసాన్ని బయటికి లాగుతుంది. గిన్నె అడుగున ఎర్రటి పాకం చేరుతుంది. పంచ్‌కు కావలసిన తీపి చాలావరకు ఈ పాకంలోంచే వస్తుంది కాబట్టి విడిగా చక్కెర వేయాల్సిన అవసరం తగ్గుతుంది.

తొక్కకు మైనం గానీ మందు గానీ పూయని నిమ్మకాయ తీసుకోవాలి. తొక్కను పలచగా, పసుపు పొర వరకే చెక్కాలి. కింది తెల్ల పొర చేదు. పులుపున్న రీజ్లింగ్ వాడితే నిమ్మరసం అసలు అక్కర్లేదు.

పాత్రలు

జర్మన్ ఇళ్లలో బోలె కోసమే మూతతో కూడిన గాజు పాత్ర, గరిటె, పిడి ఉన్న చిన్న గ్లాసులు, పండు ముక్కలు గుచ్చుకోవడానికి చిన్న పుల్లలు ఒక సెట్టుగా దొరుకుతాయి. మెట్లాహ్ ఊళ్లో పంతొమ్మిదో శతాబ్దంలో చేసిన పింగాణీ బోలె పాత్రలను ఇప్పుడు పాత వస్తువులు సేకరించేవారు కొనుక్కుంటారు. సెట్టు లేకపోయినా ఇబ్బంది లేదు. మూడు లీటర్లు పట్టే గాజు, పింగాణీ లేదా స్టీలు గిన్నె సరిపోతుంది. అల్యూమినియం, కళాయి లేని రాగి, ఇత్తడి గిన్నెలు పనికిరావు. వైన్ పులుపు ఆ లోహాలతో కలిసి రుచిని పాడుచేస్తుంది.

కావలసినవి

పన్నెండు చిన్న గ్లాసులకు సరిపడే కొలత ఇది.

- పూయని వాల్డ్‌మైస్టర్: 6 గ్రాములు, పచ్చి బరువు
- ట్రొకెన్ తెల్ల వైన్: 750 మిల్లీలీటర్ల సీసాలు 2
- బ్రూట్ జెక్ట్: 750 మిల్లీలీటర్ల సీసా 1
- స్ట్రాబెర్రీలు: 400 గ్రాములు
- చక్కెర: 40 నుంచి 60 గ్రాములు
- నిమ్మ తొక్క: సగం కాయది, పలచగా చెక్కినది

మొత్తం ద్రవం రెండుంపావు లీటర్లు. లీటరుకు 3 గ్రాముల లెక్కన ఆరు గ్రాముల మూలిక హద్దు లోపలే ఉంటుంది.

తయారుచేసే క్రమం

1. ముందురోజు సాయంత్రం రెమ్మలను తూచి, కడిగి, తడి ఆర్చి నీడలో వాడబెట్టాలి. లేదా అదే రోజు గంటసేపు ఫ్రీజర్‌లో పెట్టాలి. ఒక వైన్ సీసాను, జెక్ట్ సీసాను ఫ్రిజ్‌లో ఉంచాలి. రెండో వైన్ సీసాను మూలిక నానబెట్టడానికి బయటే ఉంచాలి. మరీ చల్లని వైన్‌లోకి వాసన నెమ్మదిగా దిగుతుంది.

2. పండ్లు కోసి, చక్కెర చల్లి, మూతపెట్టి పక్కన ఉంచాలి.

3. వాడిన రెమ్మల కాడలన్నీ ఒక వైపుకు చేర్చి దారంతో కట్టాలి. దారం రెండో కొసను గిన్నె మీద అడ్డంగా పెట్టిన గరిటెకు ముడివేయాలి. బయట ఉంచిన వైన్‌ను గిన్నెలో పోసి, నిమ్మ తొక్క వేసి, కట్టను తలకిందులుగా వేలాడదీయాలి. ఆకులు మునగాలి, కోసిన కాడల కొసలు మాత్రం వైన్ పైనే ఉండాలి. కాడ కోసిన చోటు నుంచి కారే పసరు పానీయాన్ని చేదు చేస్తుంది.

4. పదిహేను నిమిషాలకు ఒక చెంచాడు తీసి రుచి చూడాలి. ఆ తర్వాత ప్రతి ఐదారు నిమిషాలకూ చూస్తూ ఉండాలి. మామూలుగా ఇరవై నుంచి ముప్ఫై నిమిషాల మధ్య వాసన సరిపడా దిగుతుంది. టీ ఆకు ఎక్కువసేపు మరిగిస్తే వగరెక్కినట్టే ఇక్కడా వాసన తర్వాత చేదు దిగుతుంది. ఇంకా రెండు సీసాలు కలవాల్సి ఉంది కాబట్టి ఈ దశలో వాసన కొంచెం బలంగానే అనిపించాలి. మూలిక ఎంత మంచిదైనా నలభై ఐదు నిమిషాలు దాటనివ్వకూడదు.

5. కట్టను పైకి లేపి, పిండకుండా, దానంతట అది కారేవరకు ఆగి పక్కన పెట్టాలి. పిండితే ఆకుపసరు దిగుతుంది. నిమ్మ తొక్కనూ తీసేయాలి.

6. పండ్లను, వాటి పాకంతో సహా, గిన్నెలో వేసి మెల్లగా కలపాలి. చక్కెర పలుకులు పూర్తిగా కరగాలి. ఫ్రిజ్‌లోని వైన్ పోసి, మూతపెట్టి, గిన్నెను గంటసేపు ఫ్రిజ్‌లో ఉంచాలి. ఈలోగా పండ్లకు వైన్ పడుతుంది, వైన్‌కు పండ్ల రుచి పడుతుంది.

7. అతిథులు కూర్చున్నాక, వడ్డించబోయే ముందు, జెక్ట్ సీసా తెరవాలి. గిన్నె అంచు వెంబడి సన్నని ధారగా పోయాలి. కలపాల్సి వస్తే గరిటెను ఒక్కసారి కింది నుంచి పైకి లేపితే చాలు.

జెక్ట్‌ను చివరికి ఉంచడానికి కారణం బుడగలు. కరగని చక్కెర పలుకు, గరుకుగా ఉన్న పండు ముక్క, గరిటె తిప్పడం, ప్రతి ఒక్కటీ ద్రవంలో కరిగి ఉన్న బొగ్గుపులుసు వాయువును బయటికి తోస్తుంది. జెక్ట్‌లో చక్కెర చల్లితే గిన్నె పొంగి బల్ల మీదికి కారుతుంది, తాగేసరికి బుడగ మిగలదు. చల్లని ద్రవం వాయువును ఎక్కువసేపు పట్టి ఉంచుతుంది. అందుకే జెక్ట్‌తో పాటు గిన్నెలోది కూడా చల్లగా ఉండాలి.

వడ్డన, మద్యం లెక్క

మైబోలె ఎనిమిది నుంచి పది డిగ్రీల సెల్సియస్ దగ్గర రుచిగా ఉంటుంది. గిన్నెలో మంచు ముక్కలు వేయకూడదు. అవి కరిగి పానీయాన్ని పలచబరుస్తాయి. పెద్ద పళ్లెంలోనో బేసిన్‌లోనో మంచు పోసి అందులో గిన్నెను నిలబెట్టడం మంచి పద్ధతి. కొన్ని స్ట్రాబెర్రీలను ముందే గడ్డకట్టించి, మంచుకు బదులు అవే వేసినా సరిపోతుంది. ఒక్కో గ్లాసులో రెండు మూడు పండు ముక్కలు వచ్చేలా గరిటెతో తీసి పోయాలి. అలంకారానికి ఒక తాజా రెమ్మను గ్లాసు అంచున పెట్టొచ్చు. పాత్రలో మాత్రం మళ్లీ రెమ్మలు వేయకూడదు.

తియ్యగా, చల్లగా, పండ్లతో ఉండటం వల్ల ఈ పానీయంలోని మద్యం నాలుకకు తెలియదు. అంకెల్లో చూస్తే తెలుస్తుంది. 12 శాతం వైన్ లీటరున్నర, 11.5 శాతం జెక్ట్ ముప్పావు లీటరు కలిస్తే మొత్తం దాదాపు 210 గ్రాముల మద్యం. పన్నెండు గ్లాసులకు పంచితే ఒక్కోదాంట్లో 17 గ్రాములు. 30 మిల్లీలీటర్ల విస్కీ పెగ్గులో ఉండేది సుమారు 10 గ్రాములు. ఒక గ్లాసు మైబోలె అంటే పెగ్గున్నర దాటినట్టే. గ్లాసు అడుగున మిగిలే పండు ముక్కల్లోనూ మద్యం ఉంటుంది. వాటిని పిల్లలకు అందకుండా చూడాలి.

తేలిగ్గా కావాలంటే జెక్ట్‌లో సగం తగ్గించి, దాని బదులు అప్పటికప్పుడు తెరిచిన సోడా నీళ్లు పోయాలి. జర్మనీలో వైన్, జెక్ట్ కొనడానికి కనీస వయసు 16 ఏళ్లు. రక్తంలో మద్యం వెయ్యికి 0.5 వంతు చేరితే బండి నడపడం చట్టవిరుద్ధం. కొత్తగా లైసెన్సు పొందిన రెండేళ్లు, 21 ఏళ్ల లోపు వారికి పూర్తి నిషేధం. అక్కడ చదువుకుంటున్న, కొత్త లైసెన్సు తీసుకున్న తెలుగు విద్యార్థులకూ ఇదే వర్తిస్తుంది.

మిగిలిన పంచ్‌ను పండ్లు వడకట్టి, మూత బిగించి ఫ్రిజ్‌లో పెడితే మర్నాటికి పనికొస్తుంది. బుడగలు ఉండవు, రుచి ఉంటుంది.

తప్పితే సరిదిద్దడం

*చేదెక్కితే:* మూలిక ఎక్కువసేపు ఉండటమో, కాడలు మునగటమో, కట్టను పిండటమో కారణం. దిగిన చేదును తీసేయలేం, పలచన చేయగలం. మరో సీసా మూలిక లేని వైన్ కలిపి, కొంచెం చక్కెర పాకం చేర్చాలి.

*వాసన చాలకపోతే:* ఆకు సరిగా వాడలేదన్నమాట. ఆ కట్టనే తీసి అరగంట ఫ్రీజర్‌లో ఉంచి, కరిగాక మళ్లీ పది నిమిషాలు వేలాడదీయాలి. కొత్త కట్ట జోడించి మూడు గ్రాముల హద్దు దాటకూడదు.

*మరీ తియ్యగా ఉంటే:* నిమ్మరసం చెంచాడు, సోడా నీళ్లు కొంచెం.

*చప్పగా ఉంటే:* పండ్లలో నీరెక్కువై ఉంటుంది. నిమ్మ తొక్క ఒక చుట్టు వేసి పది నిమిషాలు ఆగి తీసేస్తే చురుకు వస్తుంది.

*బుడగలు పోతే:* పాత్రలో మరింత జెక్ట్ పోసినా నిలవదు. గ్లాసుల్లో ముప్పావు వంతు పంచ్ పోసి, పైన చల్లని జెక్ట్ కొంచెం విడిగా పోయాలి.

ఇతర బోలెలు

వాల్డ్‌మైస్టర్ కాలం కొద్ది వారాలే. అది అయిపోయాక కూడా ఇదే క్రమంలో వేసవంతా రకరకాల బోలెలు చేస్తారు. జూన్‌లో స్ట్రాబెర్రీ బోలె. మూలిక ఉండదు, పండ్లు ఒకటిన్నర రెట్లు పడతాయి. జూలై, ఆగస్టుల్లో పీచ్ బోలె. తొక్క తీసిన పీచ్ పండు ముక్కలను వైన్‌లో రెండు మూడు గంటలు నాననిస్తారు. దోసకాయ బోలెలో విత్తులు తీసిన కీర చక్రాలు వేస్తారు. అవి ముప్పావు గంటకు మించి ఉంటే చప్పదనం దిగుతుంది కాబట్టి తీసేయాలి.

‘కాల్టె ఎంటె’ అనేది పండు ముక్కలు లేని రకం. ఒక నిమ్మకాయ తొక్కను తెగకుండా పొడవాటి చుట్టలా చెక్కి, పాత్ర అంచు నుంచి వైన్‌లోకి వేలాడదీస్తారు. పావుగంట తర్వాత తీసి, చల్లని జెక్ట్ పోస్తారు. వాల్డ్‌మైస్టర్ దొరకని చోట మొదట ప్రయత్నించదగ్గది ఇదే. దినుసులన్నీ ఎక్కడైనా దొరుకుతాయి.

పిల్లలకు, మద్యం ముట్టని వారికి విడిగా మరో గిన్నె పెట్టడం జర్మన్ ఇళ్లలో అలవాటు. లీటరు చల్లని ఆపిల్ రసంలో పిడికెడు పుదీనా గానీ, నిమ్మ వాసన ఉండే మెలిస్సె ఆకు గానీ కొద్దిగా నలిపి అరగంట ఉంచి తీసేయాలి. చక్కెర చల్లి ఊరిన 300 గ్రాముల స్ట్రాబెర్రీలు, ఒక నిమ్మకాయ రసం కలపాలి. వడ్డించేటప్పుడు లీటరు సోడా నీళ్లు అంచు వెంబడి పోయాలి. రెండు గిన్నెలూ చూడ్డానికి ఒకేలా ఉంటాయి కాబట్టి వాటిని వేర్వేరు బల్లల మీద, వేర్వేరు గరిటెలతో, స్పష్టంగా పేరు రాసి పెట్టాలి.